చిప్పల రొయ్యలు

జగిత్యాలల బాలలక్ష్మి ఇల్లు ఏదని అడిగితే ఎవ్వలు చెప్పకపోయెటోళ్లు. చిప్పల రొయ్యలామె ఇల్లు అంటే మాత్రం రెండు గల్లీల అవతలోళ్లు సుత లేచి వచ్చి చూపెట్టెటోళ్లు. పుట్టినరోజులకు, గల్ఫ్ నుంచి వచ్చినోళ్ల దావత్‌లకు ఆమెను పిలిచేది. ఆటోల పక్కన ఓవెన్, ఒడిల చిప్పల సంచి పెట్టుకొని పోయేది. గంటన్నర అయినంక ఆ ఇంటి హాల్‌ల కూసున్నోళ్ల ముంగటికి తెల్లటి సముద్రపు చిప్పలు వచ్చేటియి. ఒక్కొక్క చిప్పల నాలుగేసి రొయ్యలు, వాటి మీద ఎర్రగ కాలిన పొర, అంచుల పొంటి సన్నగ పొంగుతున్న వెన్న. తినేటోళ్లు మొదలు చిప్పను అటిటు తిప్పి చూసెటోళ్లు. ఒక్క ముక్క నోట్ల పెట్టినంక మాట్లాడుడు బంద్ జేసెటోళ్లు.

ఆ పని ఆమెకు బహ్రెయిన్ల అబ్బింది.

పుట్టింది తంగళ్ళపల్లిల, గుంటెడు జాగ లేని ఇంట్ల. తల్లి నర్సవ్వ నాట్లకు, కలుపులకు పోయేది. పెనిమిటి కనకయ్య సిరిసిల్లల సాంచల మీద బట్ట నేసేటోడు. బట్టకు గిరాకి లేక సాంచలు వారంల మూడు దినాలు బంద్ పెట్టే కాలం వచ్చింది. బిడ్డ తిరుమలను తల్లి దగ్గర ఇడిసి బాలలక్ష్మి విమానం ఎక్కింది. బహ్రెయిన్ల ఒక పెద్దింట్ల ఆమెకు దొరికిన పని గిన్నెలు కడుగుడు. ఆ ఇంట్ల వంట జేసేది గోవా నుంచి వచ్చిన ఒక ముసలామె. ఆమెకు కండ్లు మసకవడ్డయి. రొయ్య వీపు మీద నల్లటి దారం ఉంటది, అది తియ్యకుంటే మట్టివాసన వస్తది. ఆ దారం ఆమెకు కనవడేది కాదు. అందుకే ఆ పని బాలలక్ష్మికి అప్పజెప్పింది. కండ్లు కానరాకున్నా, ఒక్క దారం మిగిలితే ఆ ముసలామె నాలికకు తెలిసిపోయేది. అట్ల మొదలై, ఆరేండ్లల ఆమె చేతిల ఉన్న పనంత బాలలక్ష్మి చేతికి వచ్చింది.

రొయ్యలకు నిమ్మరసం, మిర్యాల పొడి పట్టించి జెరసేపు పెట్టాలె. వెన్నల ఎల్లిగడ్డ వేంచి రొయ్యలెయ్యాలె. అవి వంకర తిరుగుడు మొదలువెట్టంగనే దించాలె. ఇంకొక్క నిమిషం ఎక్కువ ఉంటే ఓవెన్ల రబ్బరైతయి. మైదాపిండి వెన్నల వేంచి, కొన్ని కొన్ని పాలు పోసుకుంట, గడ్డలు కట్టకుంట చిక్కగ చెయ్యాలె. చిప్పల రొయ్యలు పరిచి, ఆ పాల రసం పోసి, చీజ్ తురిమి, ఎండబెట్టిన బ్రెడ్డు పొడి చల్లి, ఓవెన్ల మీది కడ్డీలు ఎర్రగైనంక లోపల పెట్టాలె. పాల రసంల సన్నగ తరిగిన పచ్చిమిరపకాయ, కొత్తిమీర కలుపుడు మాత్రం బాలలక్ష్మి సొంతం. ఆ కారం లేకుంటే మనోళ్లకు సప్పగ అనిపిస్తదని ఆమెకు ఎరుక. మొదటిసారి అట్ల చేసిననాడు ముసలామె రుచి చూసి, ఇంకో చిప్ప తీసుకున్నది.

నౌకరి ఇడిసి గోవాకు పోయేటప్పుడు ఆ ముసలామె తన నలభై చిప్పలు గుడ్డల చుట్టి బాలలక్ష్మికి ఇచ్చింది. తర్వాతి ఏడాది, రెండువేల తొమ్మిది ఎండకాలంల, బాలలక్ష్మి సుత ఇంటికొచ్చింది. బట్టల పెట్టెల చిప్పలు, అట్టపెట్టెల ఓవెన్. తిరుమలను కాలేజీల ఏసేటందుకు జగిత్యాలల రెండర్రల ఇల్లు కిరాయికి తీసుకున్నరు. కనకయ్య వారమంత సిరిసిల్లల ఉండి శనివారం వచ్చేటోడు.

వనిత ఆమెకు పరిచయమైంది కోరుట్లల. దుబాయ్ నుంచి వచ్చిన గంగారాం అనే రైతు కొడుకు మొదటి పుట్టినరోజు. బాలలక్ష్మి వంటింట్ల ఓవెన్ ముంగట కూసోని ఉన్నది. పట్టుచీర కట్టుకున్న ఒకామె చేతిల ఖాళీ చిప్ప పట్టుకొని సీదా వంటింట్లకే వచ్చింది.

"ఇది చేసింది నువ్వేనా అక్కా?"

"అవునమ్మా."

"అమ్మా అనకు, వనితా అను. మీది జగిత్యాలనేనట గద. మాది మీ ఎనుక గల్లీనే. ఇన్నొద్దులు నాకెట్ల తెల్వలే?"

వనిత పెనిమిటి జైపాల్‌కు జగిత్యాలల ఎరువుల దుకాణం ఉండె. ఆయన మాట్లాడేది తక్కువ. ఆమె మాట్లాడుతుంటే పదిమంది ఆగి వినేటోళ్లు. మహిళా సంఘాలన్నీ ఆమె చుట్టే తిరిగేటియి. ఆ దినం నుంచి బాలలక్ష్మికి పిలుపులు తెచ్చేది ఆమెనే. మెట్‌పల్లిల ఫలానోళ్లకు చెప్పిన, ధర్మపురిల ఫలానోళ్లకు చెప్పిన అనుకుంట వచ్చేది. వచ్చినప్పుడల్లా బాలలక్ష్మి ఇంట్ల చాప మీద కూసోని, వాళ్ల గ్లాసులనే చాయ్ తాగేది.

"మా అత్త ఉన్నొద్దులు మీ కులపోళ్లను వాకిట్లనే నిలవెట్టేది," అని ఒకనాడు అన్నది. "నేను అట్ల కాదక్కా. నువ్వు మా వంటింట్లకు రావచ్చు, దేవునర్రలకు రావచ్చు."

ఆ మాటకు బాలలక్ష్మి సంబురపడ్డది. ఆ సంబురం యాదికొచ్చినప్పుడల్లా తర్వాత తర్వాత ఆమెకు సిగ్గయ్యేది.

వనిత అడిగితే పని సుత నేర్పింది. రెండు ఆదివారాలు పక్కన నిలవెట్టుకొని, దారం ఎట్ల తియ్యాలె, పాలు ఎప్పుడు పొయ్యాలె అన్నీ చూపెట్టింది. వనితకు ఓపిక తక్కువ. పాలన్నీ ఒక్కసారే గుమ్మరించేది. గడ్డలు కడితే నవ్వేది. "నువ్వు ఉండంగ నాకెందుకక్కా ఇది," అనేది.

ఆ ఏడాది చలికాలంల తెలంగాణ కొట్లాట అంటుకున్నది. చౌరస్తాల దీక్షా శిబిరం పడ్డది. ఆడోళ్లను పోగుజేసేది వనిత, వాళ్లకు వండిపెట్టేది బాలలక్ష్మి. రోడ్డు మీదనే రాళ్ల పొయ్యి పెట్టి వంటావార్పు జేస్తే, నాలుగు గంజుల అన్నం, పప్పుచారు ఆమె చేతి మీద అయ్యేది. ఎవ్వలో పిలిచిండ్రని కాదు, ఆమెకు ఆశ ఉండె. సాంచలు మల్ల నడుస్తయని, తిరుమలకు ఇక్కడనే ఒక కొలువు దొరుకుతదని, తన లెక్క ఇంకో ఆడిది బిడ్డను ఇడిసి విమానం ఎక్కే అక్కర ఉండదని. ఒకనాడు ఊరేగింపుల ఉరుకులాట అయ్యింది. వనిత కింద పడ్డది. ఆమె మీదికి వచ్చిన లాఠీకి బాలలక్ష్మి చెయ్యి అడ్డం పెట్టింది. మణికట్టు వాచి నెల దినాలు ట్రే పట్టలేకపోయింది. ఆ నెలంత వనిత టిఫిన్ డబ్బ పంపింది. "నువ్వు నా తోడవుట్టినదానివి," అని పదిమందిల చెప్పింది.

రెండువేల పదకొండు ఆషాఢంల వనిత ఇంట్ల ఒక విందు కుదిరింది. కరీంనగర్‌కెళ్లి, హైదరాబాద్‌కెళ్లి పెద్దమనుషులు వస్తున్నరు. మున్సిపల్ ఎలక్షన్లు ఇయ్యాలనో రేపో అన్నట్టుండె. వనిత తన వార్డుల నిలవడాలనుకున్నది. టికెట్ ఇచ్చేది, ఆపేది ఆ వచ్చేటోళ్లే. ఇంకో వారమైతే శ్రావణం, ఇగ ఎవ్వలు నీసు ముట్టరు. అందుకే ఆదివారం సాయంత్రం అని పెట్టుకున్నరు.

"నలభై చిప్పలు కావాలె అక్కా. ఒక్కటి సుత తక్కువ కావద్దు," అన్నది వనిత.

"మానేరు రొయ్యలు తెప్పియ్యాల్నా? గంభీరావుపేట దిక్కు దొరుకుతున్నయి."

"అవి ఓవెన్ల పెడితే చిన్నగైతయని నువ్వే అన్నవ్ గద. నువ్వు ఎప్పుడు తెప్పిచ్చే కాకినాడయే తెప్పియ్యి. పెద్దపెద్దయి."

అప్పుడు బండ్ల నంబరు పలకల మీద ఏపీ చెరిపేసి టీజీ రాసుకుంటున్న కాలం. అవతలి సరుకు అంటే జెర అనుమానంగనే చూస్తుండ్రి. బాలలక్ష్మి ఆ మాటే యాదిచేసింది. వనిత నవ్వింది.

"రొయ్యకు ఆంధ్రా, తెలంగాణ ఏముంటది అక్కా? ఎవ్వలన్న ఏమన్న అంటే నేనున్న గద."

శనివారం సాయంత్రమే ఓవెన్, చిప్పలు తన ఇంటికి తెప్పిచ్చుకున్నది. రేపు ఆటోలు నడుస్తయో లేదో, ముందుగాలనే ఉంటే మంచిదని చెప్పింది.

ఆదివారం పొద్దుగాల సన్నగ తుప్పర పడుతున్నది. హైదరాబాద్ల పిలగాండ్ల మీద లాఠీలు ఎత్తిండ్రని వార్త వచ్చింది. చౌరస్తాల అప్పటికప్పుడు రాస్తారోకో పెట్టిండ్రు. పార్సిల్ కోసం బాలలక్ష్మి పోయేటాల్లకు, చేపలు తెచ్చే ఐసు బండి మనుషుల నడుమ ఆగి ఉన్నది. ఏపీ జీరో ఫైవ్ నంబరు. డ్రైవర్‌ను కిందికి దింపిండ్రు. నడీడు మనిషి, పొట్టిచేతుల అంగి తడిసి ఒంటికి అంటుకున్నది. ఒక పిలగాడు బండి ఎక్కి పెట్టెలు కిందికి అందిస్తున్నడు. ఒక తెల్ల థర్మాకోల్ పెట్టె మీది పేరు గట్టిగ చదివిండు.

"బాలలక్ష్మి, జగిత్యాల. ఎవ్వలిది ఇది?"

డ్రైవర్ ఆమెను గుర్తువట్టిండు. "ఆవిడదేనండి. ఏదో ఇంట్లో పార్టీ ఉందని చెప్పి మరీ తెప్పించుకున్నారండి. పాడైపోతాయి బాబూ, ఇచ్చెయ్యండి," అన్నడు.

బాలలక్ష్మి ముంగటికి వచ్చింది. "నాదే కొడుకా. మనోళ్లింట్ల దావత్‌కే."

"మనోళ్లా? ఎవ్వలు?"

వనిత నాలుగు అడుగుల దూరంల ఉన్నది, చేతిల మైకు. బాలలక్ష్మి ఆమె దిక్కు చూసింది. పేరు తాను చెప్పలే. ఆమెనే చెప్తది అనుకున్నది. అవి మా ఇంటికే, ఇడిసిపెట్టుండ్రి అని ఒక్క మాట అంటే అయిపోతది. వనిత సుత ఆమెను చూసింది. అదే గడియల, లోకల్ చానల్ కెమెరా పట్టుకున్నాయన పెట్టె దిక్కు తిరిగిండు.

వనిత మైకు నోటికి దగ్గరగ పెట్టుకున్నది.

"చూస్తున్నరా? మనం ఉపాసాలుండి, దెబ్బలు తిని కొట్లాడుతున్నం. మన నడుమ ఉండుకుంటనే కొంతమంది అవతలోళ్ల సరుకు అమ్ముకుంటున్నరు. ఇసొంటోళ్ల తోనే మన తెలంగాణ ఆగుతున్నది."

మైకు పక్కనామెకు ఇచ్చి, తన చేతులతోనే పెట్టె మూత గుంజింది. రెండు చేతుల పట్టి బోర్లించింది. ఐసు, రొయ్యలు తడి తారు మీద జారుకుంట పోయి, మోరి అంచున ఆగినయి. చప్పట్లు కొట్టిండ్రు. ఎవ్వలో ఎనుకకెళ్లి బాలలక్ష్మి భుజం మీద నూకిండ్రు. పడలే గని, ఒక చెప్పు జారిపోయింది.

"వనితా," అన్నది. గట్టిగ సుత అనలే. వనిత అప్పటికే కెమెరా దిక్కు తిరిగి చెయ్యి పైకెత్తింది.

డ్రైవర్ వంగి ఖాళీ పెట్టె తీసిండు. ఆమె చెప్పును తెచ్చి కాళ్ల దగ్గర పెట్టిండు. "పోన్లెండమ్మా, మీరెళ్లిపోండి ఇక్కణ్ణుంచి," అన్నడు మెల్లగ. శిబిరంల ఆమె చేతి అన్నం తిన్నోళ్లు అక్కడ ఎంతమందో ఉన్నరు. ఆ పొద్దు ఆమెతోని మాట్లాడింది అతనొక్కడే.

ఇంటికొచ్చి జరిగింది కనకయ్యకు చెప్పింది. ఆయన బీడీ ముట్టిచ్చి, తాగకుంటనే చేతిల పట్టుకున్నడు. "నేను పోయి అడుగుత," అన్నడు.

"ఏమని అడుగుతవ్?"

ఆయన బీడీని గోడకు రుద్ది ఆర్పిండు. తిరుమల గడప మీద కూసోని ఏడ్చింది.

బాలలక్ష్మి అప్పటికి సుత ఏదో ఒక దారి ఎతుకుతనే ఉన్నది. మంది ఎగబడ్డరు, వనిత భయపడ్డదేమో. సాయంత్రం వచ్చి చెయ్యి పట్టుకొని తప్పైందంటదేమో. పన్నెండింటికి ఫోన్ మోగింది.

"అక్కా, మనసుల పెట్టుకోకు," అన్నది వనిత. గొంతు మామూలుగనే ఉన్నది. "కెమెరా ఉండె, పోరగాండ్లు ఉండిరి. మా ఇంటికే అని చెప్తే నా సంగతి ఏమైతుండె చెప్పు?"

"నా సంగతి ఏమైతదో అనుకోలేదా?"

"నిన్ను ఎవ్వలు పట్టిచ్చుకుంటరక్కా? రెండు దినాలైతే అందరు మరుస్తరు. నాది అట్ల కాదు గద." ఇంకెవ్వలితోనో ఏదో చెప్పి మల్ల మాట్లాడింది. "గంభీరావుపేటకెళ్లి మానేరు రొయ్యలు తెప్పిచ్చిన. రాములవ్వ కడుగుతున్నది. నువ్వు నాలుగింటికల్లా రా. ముంగటికెళ్లి రాకు, పెరటి దిక్కుకెళ్లి రా. పొద్దుగాల నిన్ను చూసినోళ్లు ఎవ్వలన్న ఉంటే బాగుండదు."

నిన్నటిదాక దేవునర్రలకు రావచ్చన్న ఇంటికి, ఇయ్యాల పెరటి దిక్కుకెళ్లి.

"నేను రాను వనితా."

"ఇప్పుడు ఇట్లంటే ఎట్ల? పెద్దోళ్లు వస్తున్నరు. వాళ్లకు చిప్పల రొయ్యలని చెప్పి పెట్టిన."

"రాను."

"సరే, నీ ఇష్టం. నాకు సుత వచ్చు గద," అని వనిత ఫోన్ పెట్టేసింది.

ఓవెన్, చిప్పలు ఆ ఇంట్లనే ఉన్నయని అప్పుడు యాదికొచ్చింది బాలలక్ష్మికి.

ఐదింటికి కనకయ్యను తీసుకొని ఆటోల పోయింది. ఆయనను గేటు దగ్గర ఆటోల ఉండుమని, ముంగటి దర్వాజకెళ్లే లోపలికి నడిచింది. హాల్‌ల ఏడెనిమిది మంది తెల్లబట్టలోళ్లు కూసున్నరు. జైపాల్ వాళ్లకు గ్లాసులు అందిస్తున్నడు. ఆమెను చూసి తల కిందికేసుకున్నడు.

వంటింట్ల ఓవెన్ నడుస్తున్నది. కొన్ని చిప్పలు లోపల, కొన్ని బండ మీద. పని జేసే రాములవ్వ ఒక మూలకు నిలవడ్డది. బాలలక్ష్మి వంగి చూసింది. మానేరు రొయ్యలు గోరంత గోరంత అయినయి. పాల రసం విరిగి, గడ్డలు ఒక దిక్కు, నీళ్లు ఒక దిక్కు అయినయి. కాలిన వాసన వస్తున్నది. ప్లగ్గు గుంజింది.

వనిత ఉరికొచ్చింది. "ఏం జేస్తున్నవ్ నువ్వు?" అన్నది గొంతు తగ్గిచ్చి.

"నాయి నేను తీసుకపోతున్న."

"ఒక్క పది నిమిషాలు ఆగు. నీ కాళ్లు మొక్కుత. వాళ్లు తిని పోనీ."

బాలలక్ష్మి ఆగలే. అట్లని దేన్నీ విసిరికొట్టలే. గుడ్డతోని పట్టుకొని ఒక్కొక్క చిప్పను తీసి, అందుల ఉన్నది స్టీలు బేసన్ల వంచింది. తిండి పారవోసుడు ఆమెకు చేతకాదు. చిప్పలన్నీ తొట్టిల ఏసి, సబ్బు పెట్టి, ఒక్కొక్కటి కడిగి తుడిచింది. నలభై చిప్పలు కడిగేదాక వనిత అక్కడనే నిలవడ్డది. మొదలు బతిమాలింది, తర్వాత బెదిరిచ్చింది, తర్వాత ఊకున్నది. రాములవ్వ ఎవ్వలు చెప్పకుంటనే ఒక పాత దుప్పటి తెచ్చి ఓవెన్ మీద కప్పింది, చేతులు కాలకుంట.

వేడి ఓవెన్‌ను పొట్టకు ఆనిచ్చుకొని, చిప్పల సంచి మోచేతికి ఏసుకొని హాల్‌లకు వచ్చింది. నడుమ కూసున్న పెద్దాయన తలెత్తి అడిగిండు. "ఎవరమ్మా ఈమె?"

వనిత ఎనుకనే వచ్చింది. మొకం మీద నవ్వు తెచ్చుకున్నది.

"మా ఇంట్ల పనామె సార్. జెర కోపం ఎక్కువ."

ఇద్దరు ముగ్గురు నవ్విండ్రు. బాలలక్ష్మి ఆగింది. పొద్దటినుంచి లోపల పేరుకున్న మాటలు ఎన్నో ఉన్నయి గని, నోటికి మూడే వచ్చినయి.

"నేను పనామెను కాదు సార్. పొద్దుగాల రోడ్డు మీద పారవోసిన రొయ్యలు మీ కోసం తెప్పిచ్చినయే. తెప్పియ్యుమన్నది ఈమెనే."

బాలలక్ష్మి ఆ పెద్దాయన మొకం చూసింది. ఆయనకు కోపం వస్తదనుకున్నదో, వనితను నిలదీస్తడనుకున్నదో. ఆయన వనిత దిక్కు చూసి, మెచ్చుకున్నట్టు సన్నగ నవ్విండు.

"పోనీలే అమ్మా. ఉద్యమంల ఇసొంటియి ఉంటయి. నువ్వు ఇంటికి పో."

ఆ నవ్వు ఆమెను రోడ్డు మీది చప్పట్లకంటే ఎక్కువ కోసింది. నిజం చెప్తే ఏదో కదులుతదని ఆమె గడప దాటేదాక నమ్మింది. చెప్పినా ఏం కదలలే. గేటు దగ్గర కనకయ్య ఓవెన్ అందుకున్నడు. ఆమె పొట్ట మీద చీర కింద తోలు కమిలి ఎర్రగైందని ఇంటికి వచ్చినంక తిరుమల చూసింది.

తెల్లారి పేపర్ల ఫోటో వచ్చింది. పెట్టె బోర్లిస్తున్న వనిత, పక్కన నోరు తెరుచుకొని నిలవడ్డ బాలలక్ష్మి. వనిత పేరు రాసిండ్రు, ఈమె పేరు రాయలే. రాయకపోయినా అందరికి తెలిసింది. చిప్పల రొయ్యలామె అన్న నోళ్లే ఆంధ్రా రొయ్యలామె అనుడు షురూ చేసినయి. శ్రావణం పోయినంక సుత పిలుపులు రాలే. కోరుట్ల గంగారాం ఒక్కడు ఫోన్ జేసిండు.

"అక్కా, నీ సంగతి నాకు ఎరుక. నువ్వసొంటిదానివి కాదు. గని మా ఇంటికి వచ్చేటోళ్లు నలుగురు నాలుగు తీర్ల మాట్లాడుతరు. జెర కొన్నొద్దులు ఆగుదాం."

"మంచిది తమ్మీ," అన్నది. ఆ తర్వాత ఆయన ఫోన్ జెయ్యలే.

సకల జనుల సమ్మె మొదలయ్యేనాటికి వాళ్లు జగిత్యాల ఇడిసి సిరిసిల్లకు మారిండ్రు. కనకయ్య వద్దంటున్నా ఆమె అక్కడి శిబిరానికి పోయింది. "నీకింక బుద్ధి రాలేదా?" అని ఆయన అడిగితే, "తెలంగాణ ఏమన్న వనిత ఇంటి వాకిలా? నేను పోవద్దనేటందుకు," అన్నది. శిబిరంల మల్ల గంజులకొద్ది అన్నం వండింది. గని పక్కనామె ఎవ్వలన్న చెయ్యి పట్టుకొని అక్కా అంటే, పని ఉన్నట్టు లేచి పోయేది. మునుపు ఆమె అట్ల ఉండకపోయేది.

చేతికి పని ఉండాలె గదా అని మానేరు చేపల మీద పడ్డది. రవ్వ చేపను ఉడికిచ్చి, ముండ్లు ఏరి, అదే పాల రసంల కలిపి చిప్పలల్ల కాల్చి చూసింది. మొదటి పది పదిహేనుసార్లు కుదరలే. కుదిరినంక సిరిసిల్లల పిలుపులు మొదలైనయి, మెల్లమెల్లగ. రెండువేల పద్నాలుగుల ఎలక్షన్లు వచ్చినయి, వనిత కౌన్సిలర్ అయ్యిందని తిరుమల ఎవ్వలో చెప్తే విన్నది. నెల తిరగకముందే తెలంగాణ వచ్చింది. ఆ దినం గల్లీల అందరితోని కలిసి బాలలక్ష్మి సుత మిఠాయి పంచింది, నవ్వింది, రంగు పూసుకున్నది. ఇంట్లకొచ్చి మొకం కడుక్కుంట శానాసేపు నల్ల దగ్గరనే కూసున్నది. ఎందుకు ఏడుపు వస్తున్నదో తిరుమలకు చెప్పలే.

ఆ మరుసటి ఏడు కోరుట్లల ఒక పెండ్లి పగటి విందుకు చేప చిప్పలు చెయ్యబోయింది. తిరుమల తోడు వచ్చింది. ఓవెన్ల రెండో వాయి పెట్టినంక వంటశాలలకు వనిత వచ్చింది. కొంచెం లావైంది, మెడల కండువ. ఎనుక ఇద్దరు ఆడోళ్లు.

"అక్కా," అని రెండు చేతులు పట్టుకున్నది. "వాసన వట్టే అనుకున్న, నువ్వే ఉంటవని. ఎన్నేండ్లాయె. ఇట్ల కానరాకుంట పోతరా ఎవ్వలన్న?" తనతోని వచ్చినోళ్ల దిక్కు తిరిగింది. "మేమిద్దరం ఉద్యమంల కలిసి తిరిగినం. ఒకసారి పోలీసోళ్లు అక్క రొయ్యల పెట్టె రోడ్డు మీద పారవోసిండ్రు. ఆ దినం నేను ఎంత బాధవడ్డనో."

బాలలక్ష్మి ఆమె మొకంలకు చూసింది. అబద్ధమాడేటోళ్ల కండ్లు ఎట్లుంటయో ఆమెకు ఎరుక. వనిత కండ్లల్ల ఆ బెదురు లేదు. ఇన్నేండ్ల నుంచి ఆ పెట్టెను పోలీసోళ్ల చేతుల పెట్టి చెప్పీ చెప్పీ, తానే నమ్మింది.

"పోలీసోళ్లు కాదు వనితా," అన్నది. "నువ్వు పారవోసినవ్."

వనిత నవ్వు అట్లనే ఉండిపోయింది. చేతులు ఇడిసింది. "గప్పటి ముచ్చట్లు ఇప్పుడెందుకక్కా," అని కండువ సర్దుకొని, వచ్చినోళ్లను తీసుకొని హాల్ దిక్కు పోయింది.

బాలలక్ష్మి ఓవెన్ తలుపు తీసింది. తిరుమల ట్రే అందుకున్నది.

"ఎందుకు చెప్పినవమ్మా? ఆమె ఎట్ల ఒప్పుకోదు," అన్నది.

"ఒప్పుకోవాల్నని కాదు బిడ్డ. నా ముంగటనే అట్ల చెప్తుంటే నేను ఊకుంటే, ఇగ అదే నిజమైతది."

మూడో వాయికి ఇంకా పదహారు చిప్పలు నింపాలె. ఇద్దరు నేల మీద కూసోని చేప కలిపిన రసం చిప్పలల్ల సర్దవట్టిండ్రు. హాల్‌కెళ్లి ఎవ్వలో వచ్చి, కౌన్సిలర్ మేడం ఇంకో రెండు చిప్పలు అడుగుతున్నదని చెప్పిండ్రు. బాలలక్ష్మి తలెత్తకుంట, "వాయి దిగినంక అందరితోని పాటు పంపుత," అన్నది.